పూజారులు లేని దేవుళ్ళు

గ్రీసు దేశంలో దేవుళ్ళకి కొదవ లేదు. జ్యూస్, హీరా, అపోలో, ఎథీనా, ఆర్టెమిస్, డయొనైసస్... ముఖ్యులు పన్నెండుమంది. వాళ్ళ చుట్టాలూ పక్కాలూ, ఆ దేవుళ్ళకి మానవకాంతల కడుపున పుట్టిన వీరులూ కలిపితే లెక్క పెట్టడం కష్టం. గుళ్ళూ బోలెడున్నాయి. లేనిదల్లా ఆ గుళ్ళో పూజారే! టిక్కెట్టు కొనుక్కుని లోపలికి వెళితే హారతి లేదు, తీర్థం లేదు, గంట లేదు. విరిగిన స్తంభాలు, నెత్తిన ఎండ, తాళ్ళు కట్టిన దారి, గీత దాటితే విజిల్ ఊదే కాపలామనిషి... అంతే!

క్రీస్తుశకం 391, 392 సంవత్సరాల్లో రోమన్ చక్రవర్తి థియొడోసియస్ ఆ పాత పూజల్ని నిషేధిస్తూ శాసనాలు చేశాడు. ఆ తర్వాత కొన్ని గుళ్ళు చర్చిలయ్యాయి, కొన్ని రాళ్ళ గనులయ్యాయి. ఈ మధ్య కొద్దిమంది మళ్ళీ ఆ దేవుళ్ళని కొలవడం మొదలుపెట్టారు, 2017లో వాళ్ళ మతానికి ప్రభుత్వ గుర్తింపు కూడా దొరికింది. కానీ మధ్యలో గడిచిన పదహారు వందల ఏళ్ళ మాటేమిటి? దీపం పెట్టే దిక్కులేని దేవుళ్ళు అన్నాళ్ళు ఎలా బతికారు?

కవులు బతికించారు, చిత్రకారులు బతికించారు. నిజమే. అయితే ఆ దేవుళ్ళకీ, వీరులకీ మళ్ళీ ఒళ్ళూ, గొంతూ, కన్నీళ్ళూ ఇచ్చింది మాత్రం నటులు. సినిమా పత్రికలో రాస్తున్నాను గనక ముఖస్తుతి చేస్తున్నానని అనుకోకండి. ఏథెన్సులో బస్సెక్కి ఒక రెండు రోజులు నాతో రండి, మీకే తెలుస్తుంది. ఈ ప్రయాణానికి గైడు ఎవరంటే – ఐరీన్ పాపాస్. 'గన్స్ ఆఫ్ నవరోన్' (1961), 'జోర్బా ది గ్రీక్' (1964) చూసినవాళ్ళకి ఆ నల్లటి దట్టమైన కనుబొమలు, మాట్లాడకుండానే నిలదీసే ఆ చూపు గుర్తుండే ఉంటాయి.

కాలువ దాటితే కథలే!

ఏథెన్సు నుంచి పడమటికి ఎనభై కిలోమీటర్ల దూరంలో కొరింత్ కాలువ. ఆరు కిలోమీటర్ల పైచిలుకు పొడుగు, కత్తితో కోసినట్టు నిలువునా దిగే గోడలు. 1893లో తెరిచారు. వంతెన మీద బస్సు దాటడానికి పట్టేది రెప్పపాటే. ఆ రెప్పపాటులోనే పెలొపొనీస్ అనే ప్రాంతంలో అడుగుపెట్టేస్తాం. 2025లో క్రిస్టఫర్ నోలన్ తన 'ఒడిస్సీ' చిత్రానికి కెమేరాలు మోసుకొచ్చిందీ ఈ పెలొపొనీస్‌కే.

కాలువ పక్కనే కొరింత్. మెడియా ఊరు! ప్రేమించిన జేసన్ కోసం కన్నతండ్రినీ, దేశాన్నీ వదులుకుని వచ్చిన మంత్రగత్తె ఆమె. ఆ జేసన్ ఆమెను కాదని రాజుగారి కూతుర్ని చేసుకోబోతే, మెడియా తన కడుపున పుట్టిన పిల్లల్నే చంపేస్తుంది. ఇటలీ దర్శకుడు పసోలినీ 1969లో దీన్ని సినిమా తీస్తూ, ఆ వేషానికి ఎవర్ని పెట్టాడనుకున్నారు? ప్రపంచ ప్రఖ్యాత గాయని మరియా కల్లాస్‌ని! చోద్యమేమిటంటే అందులో ఆమె పాడనే పాడదు.

కొత్త హైవే వదిలి, కొరింత్ నుంచి అర్గోస్ వెళ్ళే పాత రోడ్డు పట్టుకుంటే ఖిలియోమోది అనే పల్లెటూరు తగులుతుంది. టూరిస్టు బస్సులు ఇక్కడ ఆగవు. ఆగాల్సింది! ఐరీన్ పాపాస్ పుట్టింది ఇక్కడే. తల్లీ తండ్రీ ఇద్దరూ టీచర్లు. 2022 సెప్టెంబరు 14న ఆమె కన్నుమూస్తే మట్టిచేసిందీ ఈ ఊళ్ళోనే. ఇక్కణ్ణుంచి ఇంకాస్త దూరం పోతే అగమెమ్నాన్ కోట. అంటే ఏ రాజవంశం కథలు నటించి ప్రపంచమంతా పేరు తెచ్చుకుందో, ఆ వంశం ఇంటికి ఆమె పక్క ఊరి పిల్ల!

దారిలోనే నెమియా. హెర్క్యులిస్ సింహాన్ని పీక పిసికి చంపిన చోటు ఇదే. ఆ సింహం చర్మమే అతని కాస్ట్యూము. 1958లో స్టీవ్ రీవ్స్ కండలు తిప్పుతూ నటించిన ఇటాలియన్ 'హెర్క్యులిస్' వచ్చాక, కొన్నేళ్ళపాటు ఇటలీలో కండలవీరుల సినిమాలే సినిమాలు. కానీ వాటిలో చాలామటుకు అసలు సంగతి మింగేశారు. హెర్క్యులిస్ ఆ పన్నెండు సాహసాలూ సరదాకి చెయ్యలేదండీ. హీరా దేవత పంపిన పిచ్చిలో తన బిడ్డల్ని తానే చంపుకుని, ఆ పాపానికి ప్రాయశ్చిత్తంగా ఒక పిరికి రాజు దగ్గర ఊడిగం చేశాడు. నెమియాలో జ్యూస్ గుడి స్తంభాలు మూడు, కాలానికి ఎదురుతిరిగి పడకుండా నిలబడి ఉన్నాయి. పక్కనే పాత క్రీడామైదానం. 1996 నుంచి అక్కడ మళ్ళీ పందాలు జరుపుతున్నారు. నాలుగేళ్ళకోసారి, చెప్పుల్లేకుండా, ఎవరైనా పరిగెత్తచ్చు.

సింహద్వారం

ఇక మైసీని. రెండు కొండల నడుమ, తేనె రంగు రాళ్ళ గుట్ట మీద కోట. గోడలు చూస్తే నోరు తెరుచుకుంటుంది. ఇంత బండల్ని మనుషులు ఎత్తలేరనీ, ఒంటికన్ను రాక్షసులు సైక్లోప్స్ వచ్చి కట్టారనీ పాతకాలం గ్రీకులే నమ్మేవాళ్ళు. ద్వారబంధం మీద అడ్డంగా పరిచిన రాయి ఒక్కటే సుమారు 20 టన్నులు. దాని మీద ఎదురెదురుగా నిలబడ్డ రెండు సింహాలు. వాటికి తలలు లేవు, ఏనాడో ఊడిపోయాయి. క్రీస్తుపూర్వం 1250 ప్రాంతాల నాటి పని ఇది.

1962లో మైకేల్ కకోయానిస్ అనే దర్శకుడు 'ఎలెక్ట్రా' తీయడానికి ఈ ప్రాంతానికే యూనిట్‌ని తీసుకొచ్చాడు. నలుపు తెలుపు చిత్రం. సెట్టింగులు లేవు, ఆకాశం, రాళ్ళు, నల్లబట్టల ఆడవాళ్ళు. మొదటి కొన్ని నిమిషాలు ఒక్క డైలాగు కూడా ఉండదు. పదేళ్ళ యుద్ధం గెలిచి రాజు ఇంటికి వస్తాడు, భార్య ఎదురొస్తుంది, స్నానానికి వెళతాడు... అంతే! మాటల్లేకుండానే హత్య అయిపోతుంది. ఎలెక్ట్రాగా ఐరీన్ పాపాస్. సంగీతం మికిస్ థియొడొరాకిస్. కెమేరా వాల్టర్ లాసలీ. 'జోర్బా'కి ఆస్కార్ పుచ్చుకున్న కెమేరామన్ ఆయనే.

కథ తెలియనివాళ్ళ కోసం కాస్త ఫ్లాష్‌బాక్ వేస్తాను.

అగమెమ్నాన్ మైసీని రాజు. తమ్ముడి భార్య హెలెన్‌ని ట్రాయ్ యువరాజు పారిస్ లేవదీసుకుపోతే, గ్రీకు రాజులందర్నీ కూడగట్టి వెయ్యి ఓడలతో ఆలిస్ రేవులో విడిది చేశాడు. గాలి లేదు. తెరచాప కదలదు. తన జింకని చంపారని ఆర్టెమిస్ దేవతకి కోపం వచ్చిందనీ, అగమెమ్నాన్ పెద్దకూతురు ఇఫిజీనియాని బలి ఇస్తేనే గాలి వీస్తుందనీ జోస్యుడు చెప్పాడు. తండ్రి ఏం చేశాడో తెలుసా? వీరుడు అకిలీజ్‌తో పెళ్ళి చేస్తానని ఇంటికి కబురు పెట్టాడు. తల్లి క్లైటెమ్నెస్ట్రా కూతుర్ని పెళ్ళికూతురుగా ముస్తాబు చేసి వెంటబెట్టుకొచ్చింది. పెళ్ళిపీటలు కాదు, బలిపీఠం!

గాలి వీచింది. ఓడలు కదిలాయి. తల్లి ఒంటరిగా మైసీనికి తిరిగొచ్చింది.

పదేళ్ళు కాచుకుంది. మొగుడికి అన్నదమ్ముల వరసయ్యే ఏజిస్థస్‌ని చేరదీసింది. అతనికీ ఆ ఇంటి మీద పాత పగ ఉంది. అతని తండ్రికి, అగమెమ్నాన్ తండ్రి విందుకి పిలిచి, సొంతబిడ్డల మాంసమే వండి పెట్టాడు మరి! ఇలాంటి ఇల్లది. ట్రాయ్ పడిన రాత్రి కొండ మీంచి కొండకి మంటలు వెలిగించి కబురు పంపారనీ, ఆఖరి మంట తూర్పున కనిపించే అరాఖ్నయాన్ కొండ మీద వెలిగిందనీ నాటకకర్త ఏస్కిలస్ రాశాడు. కోట పైకెక్కి నిలబడితే కింద అర్గోస్ మైదానం, దూరంగా సముద్రపు గీత, పక్కకి తిరిగితే అదిగో ఆ కొండ. నేను అక్కడ చాలాసేపు నిలబడిపోయాను. పదేళ్ళపాటు ఒక ఆడమనిషి రాత్రిళ్ళు చూస్తూ గడిపిన చీకటి అది. కట్టుకథే కావచ్చు. కొండ మాత్రం కట్టుకథ కాదు.

మొగుడు వచ్చిన రోజు క్లైటెమ్నెస్ట్రా ఎర్రటి తివాచీలు పరిపిస్తుంది. అగమెమ్నాన్ జంకుతాడు, దేవుళ్ళు నడవాల్సిన దాని మీద నేను నడవచ్చా అని. ఆమె మాటలతో మెత్తబరిచి నడిపిస్తుంది, సరాసరి చావులోకి. ఏ ఫిల్మ్ ఫెస్టివల్ ఫోటో చూసినా కనిపించే 'రెడ్ కార్పెట్' ఉందే, దానికి మూలం ఆ నాటకమేనని చెబుతారు. క్రీస్తుపూర్వం 458 నాటి నాటకం! ఈసారి హీరోయిన్లు ఎర్రతివాచీ మీద నవ్వుతూ నడుస్తుంటే ఈ సంగతి గుర్తు చేసుకోండి.

'ట్రాయ్' (2004) చూసినవాళ్ళు ఇక్కడ అడ్డుపడతారు. "అదేంటి, అగమెమ్నాన్ ట్రాయ్‌లోనే చచ్చిపోతాడు కదా?" అని. అవును, ఆ సినిమాలో బ్రిసేయిస్ అనే బందీ పిల్ల పొడిచేస్తుంది. కథ అక్కడికి సుఖాంతం. కోట్లు ఖర్చుపెట్టి తీశారు గానీ, ఆ ఒక్క కత్తిపోటుతో క్లైటెమ్నెస్ట్రా, ఎలెక్ట్రా, ఒరెస్టీస్ ముగ్గురికీ పని లేకుండా చేశారు. ఇంటర్వెల్ దగ్గరే జనగణమన పాడినట్టు!

కోటలోనే 1876లో ష్లీమన్ అనే జర్మన్ వ్యాపారి తవ్వి బంగారు ముఖాలు బయటికి తీశాడు. వాటిలో ఒకటి అగమెమ్నాన్‌దేనని ఆయన నమ్మకం. నిపుణుల లెక్క ప్రకారం అది ట్రాయ్ యుద్ధం జరిగిందనుకునే కాలానికి మూడు వందల ఏళ్ళకి పైగా ముందుది. అయినా ఏథెన్సు మ్యూజియంలో ఆ తొడుగు 'అగమెమ్నాన్ ముఖం' గానే పిలిపించుకుంటోంది. ఒకసారి వేషం కట్టాక పేరు పోదు కాబోలు.

ఒకే ఇల్లు, మూడు వేషాలు

ఐరీన్ పాపాస్ సంగతికి వద్దాం. 1962లో ఆమె ఎలెక్ట్రా. తండ్రిని చంపిన తల్లిని అసహ్యించుకుని, తమ్ముడు ఒరెస్టీస్ చేత తల్లిని చంపించిన కూతురు. 1971లో అదే కకోయానిస్ 'ట్రోజన్ విమెన్' తీస్తే ఆమె హెలెన్ వేసింది. అంటే ఆ తల్లికి చెల్లెలు! 1977లో 'ఇఫిజీనియా' తీస్తే ఆమెదే క్లైటెమ్నెస్ట్రా వేషం. ఆ తల్లే తను! పదిహేనేళ్ళలో ఒక నటి కూతురి పగని, పిన్ని వగలని, తల్లి కడుపుకోతని వరసగా మోసింది. సరిగ్గా ఆ 1977లోనే 'దాన వీర శూర కర్ణ'లో రామారావు గారు కృష్ణుడు, కర్ణుడు, దుర్యోధనుడు మూడూ ఒక్క సినిమాలో వేసి చూపించారని మన పాఠకులు గుర్తుచేస్తారు. ఒప్పుకుంటాను. ఇద్దరిలో ఎవరు గొప్ప అని మాత్రం ఉత్తరాలు రాయకండి.

ఆ మూడు సినిమాల మధ్య ఇంకో కథ నడిచింది. 1967 ఏప్రిల్‌లో గ్రీసులో సైనిక కర్నళ్ళు అధికారం లాక్కున్నారు. థియొడొరాకిస్ పాటలు పాడినా, విన్నా నేరమని ఉత్తర్వు వేశారు, ఆయన్ని జైల్లో పెట్టారు. ఐరీన్ పాపాస్ దేశం బయటే ఉండిపోయి వాళ్ళని బాహాటంగా తిట్టిపోసింది. 'ట్రోజన్ విమెన్' – గ్రీకు కథ, గ్రీకు దర్శకుడు – తీసింది స్పెయిన్‌లో! యుద్ధంలో ఓడిన ఊరి ఆడవాళ్ళని గెలిచిన సైనికులు పంచుకునే కథ అది. 1974లో కర్నళ్ళు పడిపోయారు. అదే ఏడు కకోయానిస్ పుట్టిన సైప్రస్ ద్వీపం మీద యుద్ధం వచ్చిపడింది. ఆ తర్వాత తీసిన 'ఇఫిజీనియా'లో దేవత కనిపించదు. కనిపించేది కోపంతో రగిలే సైన్యం, కుర్చీ వదల్లేని రాజు, ఎత్తులు వేసే జోస్యుడు, మెట్లెక్కి పోతున్న ఒక చిన్నపిల్ల. కొత్తమ్మాయి తాతియానా పాపమోస్ఖూ ఆ పిల్లగా వేసింది. ఆ చివరి మెట్ల సీను చూశాక తండ్రి వీరుడని అనడానికి నోరు రాదు. ఆఖరున క్లైటెమ్నెస్ట్రా కళ్ళల్లోకి కెమేరా చూస్తుంది. తర్వాత పదేళ్ళ కథా ఆ కళ్ళల్లోనే ఉంది.

ఆసుపత్రిలో నాటకశాల

మైసీని నుంచి సముద్రం వైపు దిగితే నాఫ్లియో. బస చెయ్యడానికి ముచ్చటైన ఊరు. దారిలో టిరిన్స్ కోట గోడలు. గల్ఫుకి అవతలి వైపు లెర్నా. హెర్క్యులిస్ అక్కడే హైడ్రా పామును చంపాడు. ఒక తల నరికితే రెండు మొలిచే పాము. మన రక్తబీజుడికి మేనత్త కొడుకై ఉంటుంది! చూడ్డానికి ఇప్పుడక్కడ పెద్దగా ఏమీ లేదు.

నాఫ్లియో నుంచి ముప్ఫై కిలోమీటర్ల లోపే ఎపిడారస్. వైద్యదేవుడు అస్క్లీపియస్ క్షేత్రం. రోగులు వచ్చి గుళ్ళో పడుకునేవాళ్ళు, దేవుడు కలలో కనిపించి మందు చెప్పేవాడు. అలాంటి చోట పైన్ చెట్ల మధ్య కొండని తొలిచి, పద్నాలుగు వేలమంది దాకా పట్టే నాటకశాల కట్టారు. 55 వరసలు. జబ్బు మనిషికి నాటకం కూడా మందే అనుకున్నారేమో! క్రీస్తుపూర్వం నాలుగో శతాబ్దం నాటిది. కింద గుండ్రటి మట్టి నేలకి పేరు 'ఆర్కెస్ట్రా'. గ్రీకులో ఆ మాటకి అర్థం నాట్యం ఆడే చోటు. వాద్యాలవాళ్ళకి ఆ పేరు చాలా తర్వాత వచ్చింది. 'థియేటరు' అంటే చూసే చోటు. 'సీను' అనే మాట వెనకుండే గుడారం పేరు నుంచి పుట్టింది. చూశారా, మనం రోజూ వాడే మాటలన్నీ ఇక్కడి బాపతే.

నడిమధ్యలో నిలబడి నాణెం పడేస్తే పై వరసలో వినిపిస్తుందని గైడ్లు చెబుతారు. 2017లో డచ్ శాస్త్రజ్ఞులు పరికరాలు పెట్టి కొలిచి, గుసగుసలు పైదాకా చేరవని తేల్చారు. గ్రీకులకి మహా కోపం వచ్చింది! నేను పైవరస దాకా ఎక్కాను. కింద ఎవరో ఆడపిల్ల పాట అందుకుంది. పాట మాత్రం పక్కన కూర్చుని పాడినట్టే వినిపించింది.

పాతరోజుల్లో ఇక్కడ ఆడవేషాలన్నీ ముఖతొడుగులు పెట్టుకుని మగవాళ్ళే వేసేవారు. అందరూ స్థానం నరసింహారావులే అన్నమాట. శతాబ్దాల నిశ్శబ్దం తర్వాత 1938లో మళ్ళీ నాటకం ఆడారు. ఏ నాటకమో ఊహించండి... 'ఎలెక్ట్రా'నే! ఆ వేషం వేసిన కటీనా పాక్సినూ, హాలీవుడ్ వెళ్ళి 'ఫర్ హూమ్ ది బెల్ టోల్స్' (1943) తో ఆస్కార్ గెలుచుకుంది. 1955 నుంచి ఏటేటా వేసవి ఉత్సవాలు. 1960లో, 61లో మరియా కల్లాస్ పాడింది. 1980లో కరోలోస్ కూన్ ప్రదర్శనలో క్లైటెమ్నెస్ట్రాగా నిలబడింది మెలినా మెర్కూరి, 'నెవర్ ఆన్ సండే' (1960) హీరోయిన్. కర్నళ్ళు ఆమె పౌరసత్వాన్నే లాగేశారు. 1981లో ఆ మెర్కూరీ సాంస్కృతిక శాఖ మంత్రి అయింది! ఎథీనా గుడి నుంచి ఎల్గిన్ ప్రభువు ఊడదీసుకుపోయి, 1816లో బ్రిటిష్ ప్రభుత్వానికి 35,000 పౌన్లకి అమ్మిన పాలరాతి శిల్పాల్ని తిరిగివ్వమని 1982లో యునెస్కో సభలో నిలదీసింది. 1994లో ఆమె పోయింది. శిల్పాలు ఇంకా లండన్‌లోనే ఉన్నాయి. 2009లో తెరిచిన ఏథెన్సు కొత్త మ్యూజియంలో వాటి చోట తెల్లటి ప్లాస్టర్ అచ్చులు పెట్టారు. అసలు రాయి ఎండుగడ్డి రంగు, అచ్చు సున్నం తెలుపు. ఎవరూ చెప్పనక్కర్లేదు, ఏది ఇంట్లో ఉందో ఏది ఊరెళ్ళిందో చూడగానే తెలిసిపోతుంది.

వెళ్ళేవాళ్ళకి రెండు ముక్కలు: రాతి మెట్ల మీద మూడు గంటలు కూర్చోవాలి, దిండు పట్టుకెళ్ళండి. హైహీల్స్ వేసుకుంటే లోపలికి రానివ్వరు.

కొండ మీద కోర్టు

తిరిగి ఏథెన్సు. అక్రోపోలిస్ కొండకి పక్కనే ఒక బోడి గుండు ఉంది. ఏరియోపాగస్, అంటే యుద్ధదేవుడు ఏరీస్ కొండ. తల్లిని చంపిన ఒరెస్టీస్‌ని ప్రతీకార దేవతలు తరుముకుంటూ వస్తే, ఎథీనా ఇక్కడే మొట్టమొదటి హత్యానేరపు విచారణ జరిపించిందని ఏస్కిలస్ నాటకం. చరిత్రలో నిజంగానే ఇక్కడ ఖూనీ కేసులు విన్నారు. గ్రీసు సుప్రీంకోర్టుకి నేటికీ ఈ గుట్ట పేరే.

విచారణలో ఒరెస్టీస్ తరఫు వకీలు అపోలో. ఆయన వాదన వినండి: బిడ్డకి అసలు జన్మనిచ్చేది తండ్రే, తల్లి వట్టి క్షేత్రం మాత్రమేనట! ఓట్లు సమానమైతే ఎథీనా ఓటుతో ముద్దాయి విడుదల. ఎందుకంటే ఆమె తండ్రి తలలోంచి పుట్టింది, ఆమెకి అమ్మ లేదు. మన పాఠకురాళ్ళు ఆ కోర్టులో ఉంటే ఊరుకునేవారా? ఇంత పెద్ద విచారణలో, రేవులో గొంతు కోయించుకున్న ఆ పెద్దపిల్ల పేరు ఒక్కసారైనా రాదు. ఆ పేరు బోనెక్కడానికి ఇంకో నాటకం కావలసివచ్చింది, యూరిపిడిస్‌ది. దాన్నే 1977లో కకోయానిస్ తెరకెక్కించాడు.

గుట్ట మీద రాయి జనం కాళ్ళకి అరిగి అరిగి అద్దంలా జారుతుంది, దిగేటప్పుడు జాగ్రత్త. దిగి కాస్త నడిస్తే 'సినే థిసియో'. 1935 నుంచి ఉన్న ఆరుబయలు టాకీసు. వేసవి రాత్రి, చుట్టూ చెట్లు, తెర మీద బొమ్మ. కాస్త పక్కకి చూస్తే దీపాల వెలుగులో ఎథీనా గుడి. ఏం సినిమా ఆడిందని అడక్కండి. ఏదో అమెరికన్ ప్రేమకథ, కింద గ్రీకు అక్షరాలు. నా ముందు వరసలో ఒక ముసలమ్మ, ఆమె మనవరాలు కూర్చున్నారు. హీరో అబద్ధమాడిన ప్రతిసారీ ముసలమ్మ తెరకేసి చెయ్యి ఊపి గట్టిగా ఏదో తిడుతోంది. మనవరాలు నవ్వు ఆపుకోలేకపోతోంది.